డీఎల్‌ఎల్ మిస్సింగ్ అంటే ఏమిటి? టూల్‌బార్ బొమ్మల వెనక ఫైళ్ల గురించి అపోహలు - వాస్తవాలు

విశాఖ ద్వారకానగర్‌లో కంప్యూటర్ సర్వీస్ పని చేస్తాను. డీఎల్‌ఎల్ ఎర్రర్‌తో మా దగ్గరికొచ్చే సిస్టమ్‌లలో చాలావాటికి అసలు జబ్బు చిన్నదే. ఇంట్లో చేసిన వైద్యంతో అది ముదురుతోంది. ఇది చూసినప్పుడల్లా బాధగా ఉంటుంది. అందుకే రోజూ కౌంటర్ దగ్గర చెప్పేవన్నీ ఒకచోట రాస్తున్నాను.

అపోహ: టూల్‌బార్ మీద బొమ్మ ఉంటే సాఫ్ట్‌వేర్ క్షేమంగా ఉన్నట్టే.

వాస్తవం: ఆ బొమ్మ అడ్రసు రాసిన చీటీ, అంతే. అసలు ప్రోగ్రామ్ వేరేచోట ఉంటుంది. ఆ ప్రోగ్రామ్ కూడా ఒంటరిగా నడవదు, డీఎల్‌ఎల్ ఫైళ్ల మీద ఆధారపడుతుంది. డీఎల్‌ఎల్ అంటే డైనమిక్ లింక్ లైబ్రరీ. నాలుగైదు ప్రోగ్రాములకు కావలసిన పనిని ఒక్కచోట రాసిపెట్టిన ఫైల్ అన్నమాట. అపార్ట్‌మెంట్‌కంతటికీ కలిపి ఒక బోరు మోటారు ఉన్నట్టే. దాన్ని ఎవరైనా విప్పేస్తే అన్ని ఫ్లాట్లలోనూ కుళాయిలు ఆగిపోతాయి. పాతవాళ్లకు ఆఫీస్ షార్ట్‌కట్ బార్ గుర్తుండే ఉంటుంది, ఆఫీస్ 2003తో దాన్ని తీసేశారు. ఆఫీస్ 97లో వర్డ్, ఎక్సెల్ రెండూ ఎంఎస్‌ఓ97 అనే ఒకే డీఎల్‌ఎల్‌ను పంచుకునేవి. అదొక్కటి పాడైతే రెండూ మొరాయించేవి. బార్ మీద బొమ్మలు మాత్రం చెక్కుచెదరకుండా కనిపించేవి.

అపోహ: పోయిన డీఎల్‌ఎల్‌ను నెట్‌లో డౌన్‌లోడ్ చేసి సిస్టమ్32లో (విండోస్ తన ఫైళ్లు పెట్టుకునే ఫోల్డర్‌లో) పడేస్తే సరిపోతుంది.

వాస్తవం: నేను ఎక్కువగా చూసే తప్పు ఇదే. మొన్న పెళ్లిళ్ల సీజన్‌లో గాజువాక నుంచి ఒక డీటీపీ షాపు అమ్మాయి సీపీయూ పట్టుకుని వచ్చింది. "అన్నయ్యా, ఏదో ఫైల్ లేదంటోంది, రాత్రికి కార్డులు ఇచ్చేయాలి" అంది. బాగా టెన్షన్‌లో ఉంది. అడిగితే జరిగింది చెప్పింది. కంట్రోల్ ప్యానెల్‌లో విజువల్ సీ ప్లస్ ప్లస్ రీడిస్ట్రిబ్యూటబుల్ (ప్రోగ్రాములకు కావలసిన డీఎల్‌ఎల్‌లు తెచ్చే మైక్రోసాఫ్ట్ ప్యాకేజీ) అనే పేరుతో ఏడెనిమిది ఎంట్రీలు కనిపించాయట. అన్నీ ఒకటే కదా అని తీసేసిందట. మర్నాడు డిజైన్ సాఫ్ట్‌వేర్ బొమ్మ నొక్కితే ఎంఎస్‌వీసీపీ140 అనే డీఎల్‌ఎల్ మిస్సింగ్ అని వచ్చింది. ఏదో సైట్ నుంచి ఆ ఒక్క ఫైల్ తెచ్చి సిస్టమ్32లో పెట్టింది. అప్పటినుంచి చివర్లో 7బి అని ఉండే కొత్త ఎర్రర్ మొదలైంది.

ఆ ఎంట్రీలన్నీ ఒకటి కావు. 2008, 2010, 2013 అంటూ ఏ సంవత్సరానిది దానిదే. ఏ ప్రోగ్రామ్ దేనితో తయారైతే దానికి అదే కావాలి. ఇక ఆ రెండో ఎర్రర్ ఎందుకొచ్చిందంటే, 64 బిట్ విండోస్‌లో సిస్టమ్32 ఫోల్డర్‌లో ఉండేవి 64 బిట్ ఫైళ్లు. 32 బిట్ ఫైళ్లు సిస్‌వావ్64 అనే ఫోల్డర్‌లో ఉంటాయి. పేర్లు చూస్తే తిరగబడినట్టు అనిపిస్తుంది కానీ నిజం అదే. ఆమె తెచ్చింది 32 బిట్ ఫైల్, నడవాల్సింది 64 బిట్ ప్రోగ్రామ్. బయటి నుంచి తెచ్చిన ఫైల్ తీసేసి, తీసేసిన రీడిస్ట్రిబ్యూటబుల్స్‌ను మైక్రోసాఫ్ట్ సైట్ నుంచి 32 బిట్, 64 బిట్ రెండు రకాలూ మళ్లీ వేశాను. సాఫ్ట్‌వేర్ తెరుచుకుంది. విండోస్ రీఇన్‌స్టాల్ చేసే అవసరమే రాలేదు.

డీఎల్‌ఎల్ ఏ ప్యాకేజీతో వచ్చిందో ఆ ప్యాకేజీనే మళ్లీ వేయాలి. పక్కింటి కంప్యూటర్ నుంచి కాపీ చేసుకోవడమూ ఇదే తప్పు. విండోస్ సొంత ఫైల్ పాడైతే అడ్మినిస్ట్రేటర్‌గా కమాండ్ ప్రాంప్ట్ తెరిచి విండోస్ ఫైళ్లను సరిచూసి బాగుచేసే ఎస్‌ఎఫ్‌సీ స్కాన్‌నౌ (sfc /scannow) కమాండ్ నడపండి.

అపోహ: విండోస్‌లోని విన్‌ఎస్‌ఎక్స్‌ఎస్ ఫోల్డర్ అనవసరంగా జాగా తింటోంది, డిలీట్ చేయొచ్చు.

వాస్తవం: దయచేసి దాని జోలికి వెళ్లకండి. 1990లలో ఒక సాఫ్ట్‌వేర్ వేస్తే అది తన పాత డీఎల్‌ఎల్‌ను కొత్తదాని మీద రాసేసేది, ఇంకో సాఫ్ట్‌వేర్ పడిపోయేది. ఆ గొడవ తప్పించడానికే వేర్వేరు వెర్షన్లను ఈ ఫోల్డర్‌లో పక్కపక్కన దాచే పద్ధతి వచ్చింది. అందులో చాలా ఫైళ్లు వేరే ఫోల్డర్లలో కనిపించేవే. ఒకే ఫైల్‌కు రెండు దారులు ఉంటాయి కాబట్టి సైజు ఉన్నదానికంటే ఎక్కువగా కనిపిస్తుంది. జాగా కావాలంటే డిస్క్ క్లీనప్ వాడండి.

అపోహ: రెగ్‌ఎస్‌వీఆర్32 (డీఎల్‌ఎల్‌ను విండోస్‌లో రిజిస్టర్ చేసే కమాండ్) కొడితే ఏ డీఎల్‌ఎల్ అయినా బాగుపడుతుంది.

వాస్తవం: రిజిస్టర్ చేసుకునేలా రాసిన డీఎల్‌ఎల్‌లకే అది పనిచేస్తుంది. మిగతావాటికి ఎంట్రీ పాయింట్ దొరకలేదని వస్తుంది. అది ఫైల్ పాడైందన్న గుర్తు కాదు.

అపోహ: డీఎల్‌ఎల్ అంటే వైరస్.

వాస్తవం: కాదు. అయితే వైరస్ డీఎల్‌ఎల్ రూపంలో రావచ్చు. ప్రోగ్రామ్ తనకు కావలసిన డీఎల్‌ఎల్‌ను మామూలుగా ముందు తన సొంత ఫోల్డర్‌లోనే వెతుకుతుంది. క్రాక్ వెర్షన్లలో (డబ్బు కట్టకుండా వాడేలా మార్చిన సాఫ్ట్‌వేర్‌లలో) చాలావరకు అక్కడే అసలు ఫైల్ తీసి మార్చిన ఫైల్ పెడతారు. అందులో ఇంకేం కలిపారో మనకు కనిపించదు. బిల్లులూ బ్యాంకు పనులూ చేసే సిస్టమ్‌లో క్రాక్ వేయమంటే నేను వేయను.

అపోహ: విండోస్ 11కి మారాక టాస్క్‌బార్‌లో పాత టూల్‌బార్ పోయింది, డీఎల్‌ఎల్ ఎగిరిపోయినట్టుంది.

వాస్తవం: ఏదీ ఎగిరిపోలేదు. 2021లో వచ్చిన విండోస్ 11 టాస్క్‌బార్ ఆ రకం టూల్‌బార్లను తీసుకోదు. అవి డెస్క్‌టాప్‌ను, టాస్క్‌బార్‌ను చూపించే ఎక్స్‌ప్లోరర్ ప్రోగ్రామ్‌లోపలే లోడయ్యే డీఎల్‌ఎల్‌లు. ఒకటి చెడితే డెస్క్‌టాప్ మొత్తం ఆరి వెలిగేది.

మా దగ్గరికి వచ్చేముందు ఒక్క పని చేయండి. ఎర్రర్ బాక్స్‌లో ఓకే నొక్కకుండా ఫోన్‌తో ఫోటో తీయండి. పై పట్టీలో ప్రోగ్రామ్ పేరు ఉంటుంది, అది కూడా ఫోటోలో పడాలి. లోపలున్న ఫైల్ పేరుతో పాటు అదీ తెలిస్తే, ఏ ప్యాకేజీ వేయాలో సీపీయూ మోసుకురాకుండానే ఫోన్‌లో చెప్పేయగలను.