ఆకాశానికి చాలినన్ని లెక్కలు

ఇంటి కంప్యూటర్లలో యుద్ధవిమాన ఆటల చరిత్ర చెప్పేవారు ఎక్కువగా బొమ్మల అందాన్నే కొలుస్తారు. నాకు మాత్రం చేతిలో ఉన్న కాస్త లెక్కల శక్తిని ఎవరు దేనికి ఖర్చుపెట్టారన్నదే ఆసక్తికరం.

1980లో బ్రూస్ ఆర్ట్‌విక్ యాపిల్ 2 కోసం తెచ్చిన ఫ్లైట్ సిమ్యులేటర్‌లో మొదటి ప్రపంచయుద్ధం నాటి గగనపోరు కూడా ఉండేది. నేలంటే గళ్లు, కొండలంటే గీతలు. ఆ యంత్రంలోని 6502 ప్రాసెసర్‌కు కూడిక, తీసివేత వచ్చు, గుణకారం రాదు. విమానం కాస్త ఒరిగితే చాలు, ప్రతి బిందువు స్థానాన్నీ మళ్లీ లెక్కించాలి. అవన్నీ గుణకారాలే! వాటిని కూడికలుగా విడగొట్టి చేయించాల్సి వచ్చేది.

1988లో మైక్రోప్రోస్ అనే ఆటల సంస్థ 'ఎఫ్-19 స్టెల్త్ ఫైటర్' తెచ్చింది. రాడార్‌కు చిక్కని రహస్య విమానాన్ని నున్నని వంపులతో ఊహించారు. అదే ఏడాది నవంబరులో అమెరికా అసలు విమానం ఎఫ్-117 ఫొటో బయటపెట్టింది. చూస్తే అన్నీ చదునైన పలకలే. 1970లలో, దాన్ని రూపొందించిన లాక్‌హీడ్ సంస్థ ఇంజనీర్ల కంప్యూటర్ ప్రోగ్రామ్ పలకల నుంచి రాడార్ తరంగాలు ఎటు చెదురుతాయో లెక్కించగలిగేది, వంపుల లెక్క దానికి మించిన పని. ఆటల్లో విమానాలు కోణాలు తేలి ఉండటానికీ కారణం లెక్కల కరవే. పాపం, ఆట రూపకర్తలు తమ తెర మీది మొరటుతనాన్నే నమ్ముకుని ఉంటే నిజానికి దగ్గరగా వెళ్లేవారు.

1991 నాటి 'ఫాల్కన్ 3.0'లో ఎఫ్-16 కదలికలు అత్యంత వాస్తవికంగా ఉండాలంటే గణిత కోప్రాసెసర్ అనే అదనపు చిప్ కావాల్సి వచ్చేది.

అసలు తెలివి 1998లో వచ్చిన 'ఫాల్కన్ 4.0'లో కనిపిస్తుంది. కొరియా ద్వీపకల్పమంతటా యుద్ధం తనంతట తానే సాగుతుంది. మీరు కూల్చాల్సిన వంతెనను వదిలేసి వచ్చినా సైన్యాలు ఆగవు. ఇంత యుద్ధాన్ని అప్పటి పెంటియం యంత్రం ఎలా మోసింది? మీ విమానం చుట్టూ ఒక పరిధి గీసి, దాని లోపలి ట్యాంకులను, విమానాలను మాత్రమే విడివిడిగా లెక్కిస్తుంది. బయట ఉన్నది ఎంత పెద్ద దళమైనా ఒకే అంశం, గెలుపోటములు గణాంకాలతో తేలిపోతాయి. మీరు దగ్గరవుతుంటే ఆ దళం ఒక్కో వాహనంగా విడిపోతుంది.

విడుదలైనప్పుడు ఆట నిండా లోపాలే. 2000లో సోర్స్ కోడ్, అంటే ఆటను రాసిన అసలు ప్రోగ్రామ్, బయటికి పొక్కింది. అభిమానులు దాన్ని సరిదిద్దుతూ వచ్చారు, వారి 'బీఎంఎస్' రూపం ఇప్పుడు వీఆర్ కళ్లజోడుతోనూ నడుస్తుంది. కాకపోతే, అది ఆడాలంటే పాత 'ఫాల్కన్ 4.0' కొని ఉండాలి.