ఆమె మాట ఎక్కడ విన్నారన్నదే అసలు ప్రశ్న

‘మా అమ్మాయి ఇష్టపడే మా దగ్గరుంది’ అంటారు తల్లిదండ్రులు. ‘కాదు, బంధించారు’ అంటారు భర్తో, స్నేహితురాలో. హెబియస్ కార్పస్ పిటిషన్, అంటే బంధించిన మనిషిని కోర్టు ముందు హాజరుపరచమని కోరే పిటిషన్, వార్తల్లోకి ఎక్కిన ప్రతిసారీ ఇదే వాదన. నిజానికి చట్టంలో గందరగోళమేమీ లేదు. మేజరైన మనిషి ఎక్కడుండాలో తేల్చుకోవాల్సింది ఆ మనిషేనని గ్యాన్ దేవి కేసులో సుప్రీంకోర్టు 1976లోనే చెప్పింది. మరి చిక్కు ఎక్కడ?

ఇస్లాంలోకి మారి ముస్లిం యువకుణ్ని పెళ్లాడిన కేరళ యువతి హాదియా కేసు 2017లో దాన్ని బయటపెట్టింది. తండ్రి వేసిన హెబియస్ కార్పస్ పిటిషన్‌పై ఆ ఏడాది మే 24న కేరళ హైకోర్టు ఆమె పెళ్లినే రద్దుచేసి, ఆమెను తల్లిదండ్రుల ఇంటికి పంపింది. అప్పటికి ఆమెకు 24 ఏళ్లు. మనిషిని విడిపించడానికి పుట్టిన పిటిషనే ఆమెను ఇంట్లో కూర్చోబెట్టింది! పోలీసు కాపలా మధ్య ఆరు నెలలు గడిచాక, నవంబర్ 27న సుప్రీంకోర్టు ఆమెను పిలిపించి నేరుగా అడిగింది. స్వేచ్ఛ కావాలంది. సేలంలోని హోమియోపతి కాలేజీలో చదువు కొనసాగించడానికి కోర్టు వీలు కల్పించింది. 2018 మార్చి 8న, హెబియస్ కార్పస్ విచారణలో పెళ్లిని రద్దుచేయడం సరికాదంటూ హైకోర్టు తీర్పును కొట్టేసింది.

మలుపు అక్కడే తిరిగింది. మేజరా కాదా అన్నది బర్త్ సర్టిఫికెట్ తేల్చేస్తుంది. మిగిలే ప్రశ్న: ఆమె మాట ఎక్కడ, ఎవరి ముందు విన్నారు? గుమ్మంలో తండ్రి, పక్కన అన్న నిలబడి ఉండగా ‘నా ఇష్టంతోనే ఉన్నా’ అన్న మాటను ఎంతవరకు నమ్మగలం?

కేరళలోనే ఇద్దరు యువతుల అనుబంధానికి సంబంధించిన దేవూ జి. నాయర్ కేసులో, 2024 మార్చి 11న, సుప్రీంకోర్టు ఈ ప్రశ్నకే జవాబిచ్చింది. ఇద్దరిలో ఒకరిని ఇంట్లో బంధించారని రెండో యువతి పిటిషన్ వేసింది. కుటుంబంతోనే ఉంటానని ఇంట్లో ఉన్న యువతి న్యాయాధికారికి చెప్పడంతో ఆ పిటిషన్ నిలవలేదు. అయినా కోర్టు హైకోర్టులన్నింటికీ మార్గదర్శకాలు ఇచ్చింది. ఇలాంటి పిటిషన్లను ముందు వరుసలో వినాలి. పిటిషనర్‌కు ఆ మనిషితో ఉన్న సంబంధాన్ని తవ్వకూడదు. ఆ మనిషితో జడ్జి ఛాంబర్‌లో ఏకాంతంగా మాట్లాడాలి, కుటుంబం ప్రభావం పడనివ్వకూడదు. కౌన్సెలింగ్ పేరుతో మనసు మార్చే ప్రయత్నం చేయకూడదు. ఇంటికి వెళ్లనంటే వెంటనే విడిచిపెట్టాలి.

తల్లిదండ్రుల భయం నిజమైనదే కావచ్చు, పిల్ల మోసపోతుందన్న టెన్షన్ వాళ్లను నిద్రపోనివ్వకపోవచ్చు. కానీ భయం ఎంత నిజమైనా తలుపుకు తాళం వేసే హక్కు దానివల్ల రాదు. ఇప్పటికీ చాలాచోట్ల ఎస్సై ఆ ఇంటికే వెళ్లి, కుటుంబం అంతా చూస్తుండగా రాసుకొచ్చిన వాంగ్మూలమే కోర్టు ముందుకు వస్తోంది. ఇలాంటి కేసు ఎప్పుడొచ్చినా చూడాల్సింది అదే: ఆమె ఆ మాట ఎవరి సమక్షంలో చెప్పింది, ఆ తర్వాత ఆ రాత్రి తిరిగి ఎవరి ఇంటికి వెళ్లింది?