కళ్లులేని శవాలకు సంగీతం చేసిన మాస్టారు

స్పెయిన్ సంగీత దర్శకుడు ఆంతోన్ గార్సియా అబ్రిల్ 2021 మార్చి 17న మాడ్రిడ్‌లో కోవిడ్‌తో పోయారు, అప్పటికి ఆయనకు 87 ఏళ్లు. స్పెయిన్‌లో ఒక తరం మొత్తానికి ఆయనంటే చిన్నప్పుడు టీవీలో విన్న ఒక ట్యూన్. నాకు మాత్రం ఆయన పేరు వినగానే గుర్రాల మీద మెల్లగా వచ్చే కుళ్లిన శవాలే కళ్లముందు కనిపిస్తాయి.

అమాందో దె ఒస్సోరియో తీసిన హారర్ సినిమా 'లా నోచే దెల్ తెర్రోర్ సియేగో' 1972లో వచ్చింది. సమాధుల్లోంచి లేచొచ్చే టెంప్లార్లనే పాతకాలపు క్రైస్తవ యోధులకు కళ్లుండవు, చప్పుడును బట్టే మనిషిని వెతుక్కుంటారు. ఒకమ్మాయి కదలకుండా, ఊపిరి బిగబట్టి నిలబడుతుంది, అయినా దొరికిపోతుంది, ఎందుకంటే ఆమె గుండె కొట్టుకోవడం వాళ్లకు వినిపిస్తుంది. చప్పుడు చేస్తే చావే అన్న కథకు రీరికార్డింగ్ చేయడమంటే మాటలు కాదు. గార్సియా అబ్రిల్ దీనికి పాడుకునే బాణీ ఏదీ కట్టలేదు. చర్చిలో ప్రార్థన పాడే మగగొంతుల్లాంటివే, కానీ ఏ మాటా అర్థం కాకుండా, నూతిలోంచి మూలిగినట్టు వినిపిస్తాయి. స్లో మోషన్‌లో నడిచే ఆ గుర్రాలకు సగం భయం ఆ గొంతుల వల్లే వచ్చిందని నేను గట్టిగా నమ్ముతాను. దీని తర్వాత వచ్చిన మూడు సినిమాలకూ ఆయన సంగీతమే.

ఇలాంటి పని ఈయన దాకా ఎలా వచ్చిందో తెలియాలంటే కాస్త వెనక్కి వెళ్లాలి. పుట్టింది 1933లో, ఆరగాన్ ప్రాంతంలోని తెరువెల్లో. వలెన్సియాలో, మాడ్రిడ్‌లో చదివి, ఇటలీలోని సియెనాకు వెళ్లి అక్కడ లవాన్యీనో అనే సంగీత దర్శకుడి దగ్గర సినిమా సంగీతం నేర్చుకున్నారు. 1958లో మాడ్రిడ్‌లో కొత్త తరహా సంగీతం కోసం కొందరు కుర్రాళ్లు 'న్యువా మూసికా' అనే బృందం పెడితే అందులో ఈయన కూడా ఉన్నారు, కానీ తోటివాళ్లు రాగాన్ని వదిలేసి దూరం వెళ్తుంటే ఈయన రాగాన్ని వదల్లేదు. సినిమాకు ఇలాంటి మనిషే కావాలి. అప్పట్లో స్పెయిన్‌లో నియంత ఫ్రాంకో పాలన, సెన్సార్ గట్టిగా ఉండేది. స్పానిష్ తోడేలు మనిషిని ఒప్పుకోరని దెయ్యాల సినిమాల నటుడు, రచయిత పాల్ నాషీ తన హీరోను పోలండ్ వాడిగా మార్చుకోవాల్సి వచ్చింది. బయటి దేశాలతో కలిసి తక్కువ డబ్బుతో చకచకా తీసే సినిమాలు వరసగా వచ్చేవి, కౌబాయ్ కథైనా కామెడీ అయినా దెయ్యమైనా కాదనకుండా చేయగల, చదువుకున్న సంగీత దర్శకుడికి చేతినిండా పని. 1966నే చూడండి. పల్లెటూరి ముసలాయన పట్నం వస్తే ఏమవుతుందో చూపించి జనాన్ని విరగబడి నవ్వించిన 'లా సియుదాద్ నో ఎస్ పారా మీ' ఆయనదే, నటుడు ఫ్రాంకో నీరో కౌబాయ్ సినిమా 'టెక్సాస్, అదియోస్' కూడా ఆయనదే.

నాకు అన్నిటికన్నా ఆశ్చర్యం 1974. ఆ మార్చిలో స్పానిష్ టీవీలో ఫెలిక్స్ రొద్రీగెజ్ దె లా ఫ్వెంతే అడవి జంతువుల సీరియల్ 'ఎల్ ఓంబ్రే ఇ లా తియెర్రా' మొదలైంది, ముందు చెప్పిన ట్యూన్ దాని టైటిల్ సంగీతమే. అదే ఏడాది గుడ్డి శవాల మూడో సినిమా వచ్చింది. ఆ సంవత్సరమే ఆయన మాడ్రిడ్ రాయల్ కన్సర్వేటరీలో కంపోజిషన్ ప్రొఫెసర్ అయ్యారు, 2003 దాకా అక్కడే పాఠాలు చెప్పారు. పగలు క్లాసులో పిల్లలకు సంగీత రూపాలు వివరించిన చేయే శవాల మూలుగులూ తోడేళ్ల పరుగూ రాసింది, ఒకదాని కోసం ఇంకొకదాన్ని దాచుకోలేదు.

1984లో మారియో కామూస్ తీసిన 'లోస్ సాంతోస్ ఇనొసెంతెస్' సినిమాలో, దొరల కింద నలిగిపోయే కూలీ కుటుంబానికి పెద్ద ఆర్కెస్ట్రా కాకుండా రబెల్ అనే పల్లెటూరి తీగవాద్యాన్ని వాడారు. గీకినట్టుండే ఆ మొరటు శబ్దం ఆ ఇంటి మట్టిగోడల్లోంచి వచ్చినట్టే ఉంటుంది.

1997లో మాడ్రిడ్‌లోని ఆపెరా థియేటర్ తేయాత్రో రేయాల్ మళ్లీ తెరిచినప్పుడు అక్కడ తొలిసారి ప్రదర్శించిన 'దివీనాస్ పలాబ్రాస్' ఆయన ఆపెరా. ఆ తర్వాత వయొలినిస్ట్ హిలరీ హాన్ అడిగితే ఎనభై దాటిన వయసులో ఒంటరి వయొలిన్ కోసం పార్తీతాలనే సంగీత రచనలు ఆరు రాసిచ్చారు. ఆయన గురించి మాట్లాడేటప్పుడు ఈ రెండూ ముందుంటాయి, శవాల సినిమాలు చివర్లో ఒక్క వాక్యంలో వెళ్లిపోతాయి. అది అన్యాయం. ఎందుకంటే ఆ గొంతులు రాసింది కూడా ఇదే చేయి, అంతే శ్రద్ధగా.