రిటైరైన సార్లను మళ్లీ బడిలోకి తీసుకునేటప్పుడు: అపోహలు - వాస్తవాలు

తెలంగాణలో ప్రభుత్వ ఉద్యోగుల పదవీ విరమణ వయసు 2021లో 58 నుంచి 61కి పెరిగింది. దాంతో మూడేళ్లపాటు దాదాపు ఆగిపోయిన రిటైర్మెంట్లు 2024 మార్చి నుంచి మళ్లీ మొదలయ్యాయి. ఇంకా ఓపిక ఉన్న సార్లు, టీచరమ్మలు హనుమకొండ, కాజీపేట, నర్సంపేట వైపు ప్రైవేటు బడుల్లో చేరుతున్నారు. వీరు దొరకడం పిల్లల అదృష్టం. ప్రధానోపాధ్యాయుడిగా రిటైరై, ఇప్పుడు ఒక బడిలో నియామకాల కాగితాలు చూస్తున్న నాకు ఈ విషయంలో రోజూ వినిపించే మాటలు కొన్ని ఉన్నాయి.

అపోహ: ముప్పై ఏళ్లు సర్కారు కొలువు చేసిన పెద్దమనిషిని పోలీసు వెరిఫికేషన్ అడగడం అవమానం.

వాస్తవం: పిల్లలపై లైంగిక నేరాలను అరికట్టే పోక్సో చట్టం కింద వచ్చిన పోక్సో నిబంధనలు, 2020 ప్రకారం పిల్లలతో నిత్యం మెలిగే ప్రతి సంస్థా తన సిబ్బంది అందరికీ పోలీసు వెరిఫికేషన్, పూర్వాపరాల పరిశీలన చేయించాలి. వయసును బట్టి, హోదాను బట్టి మినహాయింపు లేదు. సర్కారు ఆయన పూర్వాపరాలు విచారించింది ఎప్పుడో కొలువులో చేరిన కొత్తలో. ఆ కాగితం ఇప్పటి సంగతి చెప్పదు. పెద్ద సారును వదిలేసి వాచ్‌మన్‌ను మాత్రమే అడిగితే, అసలు అవమానం వాచ్‌మన్‌కు జరిగినట్టు.

దరఖాస్తు నింపేటప్పుడు ఒకటి గమనించండి. చాలామంది చిరునామా గడిలో హనుమకొండలో ఇప్పుడుంటున్న ఇల్లు ఒక్కటే రాస్తారు. సర్వీసంతా ములుగులోనో, భూపాలపల్లిలోనో గడిచి ఉంటుంది. పనిచేసిన మండలాలు, అక్కడ ఉన్న ఇళ్లు సర్వీసు రిజిస్టరు పక్కన పెట్టుకుని వరుసగా రాయించండి. ఆఖరుగా పనిచేసిన చోటికి మీరే ఫోను చేయండి. “ఈయనను మళ్లీ మీ బడిలోకి తీసుకుంటారా?” అని సూటిగా అడగండి. జవాబుకు ముందు అవతలివారు తటపటాయిస్తే, ఇంకో ఇద్దరిని అడగండి.

అపోహ: పర్మినెంటు ఉపాధ్యాయులకే ఇవన్నీ. గంట లెక్కన వచ్చే లెక్కల సారుకు అక్కరలేదు.

వాస్తవం: బోధన, బోధనేతర, రెగ్యులర్, కాంట్రాక్టు తేడా లేదని నిబంధనలోనే ఉంది. బస్సు డ్రైవరు, ఆయా, పీఈటీ, రిటైరై వచ్చిన అటెండరు అందరూ ఇందులోకి వస్తారు.

అపోహ: ఒకసారి సర్టిఫికెట్ తెస్తే చాలు.

వాస్తవం: నిర్ణీత కాలానికోసారి చేయించాలన్నది నిబంధన. పైగా ఆ కాగితం రికార్డుకెక్కిన కేసులనే చూపిస్తుంది. ఫిర్యాదే అందని నేరం అందులో ఎలా కనిపిస్తుంది?

అపోహ: ఫిర్యాదు వస్తే గుట్టుగా రిలీవ్ చేసి, మంచి కాండక్ట్ సర్టిఫికెట్ ఇచ్చి పంపితే బడి పరువు నిలుస్తుంది.

వాస్తవం: నాకు అన్నిటికంటే కోపం తెప్పించే మాట ఇది. అలా పంపిన మనిషి ఆ సర్టిఫికెట్‌తోనే పక్క ఊరి బడిలో చేరతాడు, అక్కడి పిల్లల మధ్యకు వెళతాడు. పోక్సో చట్టం 19వ సెక్షన్ ప్రకారం పిల్లలపై లైంగిక నేరం జరిగిందని తెలిసినవారు పోలీసులకు చెప్పి తీరాలి. తన కింద పనిచేసేవారి నేరాన్ని దాచిన సంస్థ బాధ్యుడికి ఏడాది దాకా జైలు, జరిమానా పడతాయి. బడులు నడిపే కరస్పాండెంట్లు ఈ సంగతి తెలుసుకోవాలి. ఫిర్యాదు చేసిన పాప తల్లిదండ్రులను “ఆలోచించుకోండి” అని బతిమాలడం మన పని కాదు.

అపోహ: రిటైరైతే శాఖాపరమైన కేసు దానంతటదే పోతుంది.

వాస్తవం: సర్వీసులో ఉండగా మొదలైన విచారణ రిటైరయ్యాక కూడా కొనసాగుతుంది. కాబట్టి పెన్షన్ కాగితాలు చూడండి. విచారణ తేలేదాకా పూర్తి పెన్షన్ బదులు తాత్కాలిక పెన్షన్ ఇస్తారు; అదే వస్తుంటే కారణం అడగండి. అలాగని పెండింగ్ కేసంటే నేరం రుజువైనట్టు కాదు. ఇంటి హద్దుల తగాదా వేరు, పిల్లలకు సంబంధించిన ఆరోపణ వేరు. రెండోదైతే తేలేదాకా తీసుకోవద్దు.

అపోహ: ప్రైవేటు బడి జీతం తీసుకుంటే పెన్షన్ ఆగిపోతుంది.

వాస్తవం: ఆగదు. ఆదాయపు పన్ను లెక్కలో మాత్రం రెండూ చూపాలి.

బడులు జూన్‌లో తెరుచుకుంటాయి కాబట్టి వెరిఫికేషన్ దరఖాస్తులు ఏప్రిల్‌లోనే పెట్టించండి. సర్టిఫికెట్ చేతికి రాకముందే పాఠం చెప్పించక తప్పకపోతే మరో టీచరును తోడు ఉంచండి. స్పెషల్ క్లాసులు, హాస్టల్ డ్యూటీ, బస్సులో పిల్లల వెంట వెళ్లే పని మాత్రం అప్పటిదాకా అప్పగించకండి.