పాత్ర పేరే మిగిలిన నటి: విశాఖ నుంచి బుల్లితెర దాకా

విశాఖపట్నం నాటక పరిషత్తు వేదికల మీద రాణించి, ఆ తరవాత హైదరాబాదు చేరి ధారావాహికల్లో వదినగా, మేనత్తగా, పక్కింటి ఇల్లాలిగా ఏళ్ళ తరబడి కనిపించిన ఒక సహాయ నటి గురించి ఇవాళ నాలుగు వాక్యాలు రాయబోతే చేతికందే సమాచారం చాలా తక్కువ. ఆ కాస్తలోనూ ఎక్కువ భాగం ఆమె అతిథిగా వెళ్ళిన గేమ్ షోలదే. ఈ పరిస్థితికి అరవై ఏళ్ళ పూర్వాపరాలున్నాయి.

1963లో విశాఖ ఆకాశవాణి కేంద్రం మొదలవడంతో ఈ ఊరి నటులకు రంగస్థలానికి తోడు రేడియో నాటకం దొరికింది. అక్కడ పాత్రధారుల పేర్లు చదివి వినిపించేవారు. పరిషత్తు కరపత్రాల్లోనైతే అచ్చయ్యేవి. 1977లో హైదరాబాదులో దూరదర్శన్ కేంద్రం వచ్చాక కూడా, వారానికొకటిగా పదమూడు భాగాల్లో ముగిసే ధారావాహిక కోసం ఎవరూ ఊరు విడిచిపెట్టనవసరం లేకపోయింది. సాయంత్రం గోదావరి ఎక్స్‌ప్రెస్ ఎక్కితే తెల్లవారేసరికి హైదరాబాదులో దిగవచ్చు.

1995లో జెమిని, ఈటీవీ ప్రసారాలు మొదలై, క్రమంగా దినసరి ధారావాహికలు పెరిగాక ఆ వెసులుబాటు పోయింది. 2008లో మొదలైన 'మొగలిరేకులు' ఐదేళ్ళ పాటు వెయ్యికి పైగా భాగాలు నడిచింది. కథ అంత కాలం ఇంట్లో మనిషిలా వచ్చిపోతుంటే, చూసేవారికి నటి పేరు కంటే పాత్ర పేరే దగ్గరవుతుంది; పూర్ణా మార్కెట్‌లో కూరగాయలు కొంటున్నప్పుడు పలకరించేవారూ ఆ పేరుతోనే పలకరిస్తారు. కథానాయిక ముఖం శీర్షిక గీతంలో రోజూ కనిపిస్తుంది. సహాయ నటికి మాత్రం భాగం చివర వేగంగా కదిలిపోయే అక్షరాలే దిక్కు. పారితోషికం రోజు లెక్కన వస్తుంది కాబట్టి, కథలో ఆ పాత్రను ఊరికి పంపేసిన రోజున ఆదాయమూ ఆగుతుంది. చీరలు, నగలు చాలా సార్లు ఆమే సమకూర్చుకోవాలి. పైగా హిందీ నుంచి అనువదించిన ధారావాహికలు ప్రసార వేళలను ఆక్రమించినప్పుడు ముందుగా పని పోయింది ఇలాంటివారికే. దాని మీద టీవీ కళాకారులు రోడ్డెక్కారు కూడా.

ఈ దశలోనే గేమ్ షోలు వారికి మరో దారి అయ్యాయి. సాయికుమార్ నిర్వహించిన 'వావ్', సుమ నిర్వహించిన 'క్యాష్' వంటి ఈటీవీ కార్యక్రమాలు ధారావాహికల నటీనటులను అతిథులుగా పిలిచి ఆడించాయి. ఏళ్ళ తరబడి పాత్ర పేరుతో బతికిన మనిషిని అక్కడ సొంత పేరుతో పిలిచారు, ఏ ఊరని అడిగారు, చేసిన పాత్రలను గుర్తుచేశారు. ఒక నటి జీవితంలో దాన్ని చిన్న విషయంగా కొట్టిపారేయడం అన్యాయమని నేను గట్టిగా నమ్ముతాను. అయితే అక్కడ అడిగింది సరదా ప్రశ్నలు, ఆడించింది ఆటలు. ఆమె పరిషత్తు రోజుల ప్రస్తావన వచ్చినా ఒకటి రెండు మాటల్లో తేలిపోయేది.

ఆ షోల్లో చాలా భాగాలు ఇప్పుడు యూట్యూబ్‌లో అతిథుల పేర్లతో సహా దొరుకుతున్నాయి. విశాఖ వేదికల మీద ఆమె వేసిన నాటకాల జాడ మాత్రం, ఇంట్లో ఎవరైనా దాచి ఉంచితే, మడతలు పడిన ఆ కరపత్రాల్లోనే ఉంది.