ఒకటో తారీఖున బియ్యం ఎందుకు రాలే?

పిల్లలకు,

హసన్‌పర్తి దిక్కు నుంచి ఆరో తరగతి బిడ్డ ఒకామె ఉత్తరం రాసింది. “తాతా, ఒకటో తారీఖు పొద్దుగాల అవ్వతోని కంట్రోల్ షాపుకు (రేషన్ షాపుకు) పోయిన. తాళం ఉన్నది. మూడో తారీఖు పోతే బియ్యం ఇచ్చిండ్రు గాని మా తమ్ముని వంతు ఇయ్యలే. వాడు గూడ అన్నం తింటున్నడు కదా?” అని. అడిగినవి రెండు. రెండింటికీ జవాబు ఒక్క దగ్గరనే దొరుకుతది. కాకపోతే చెరువు కట్ట మీది నుంచి చుట్టు తిరిగి పోవాలె.

పాకాల, రామప్ప, లక్నవరం ఉన్న గడ్డ మనది. చెరువు సంగతి మీకు నేను చెప్పక్కరలేదు. చెరువు నిండంగనే మడికి నీళ్లు రావు. తూము లేపాలె. లేపేటందుకు నీరటికాడు ఉంటడు. ఎవరికి ఎన్ని గుంటల పొలం, ఎవరి వంతు ఏ రోజు అని ముందుగాల లెక్క చూసుకొనే ఆయన తూము మీద చెయ్యి వేస్తడు. నువ్వు గెట్టు మీద నిలబడి ఎంత ఒర్లినా లెక్క మారది.

బియ్యం గూడ గట్లనే పారుతయి. ఊర్లె కొనుగోలు సెంటర్ల ప్రభుత్వం వడ్లు కొంటది. అవి మిల్లుకు పోతయి. క్వింటాలు వడ్లకు 67 కిలోల బియ్యం మిల్లోళ్లు తిరిగి ఇయ్యాలె, ఉప్పుడు బియ్యమైతే 68. ఆ బియ్యం పెద్ద గోదాములకు చేరుతయి. అది చెరువు అనుకోండ్రి. అక్కడి నుంచి మండల్ లెవల్ స్టాక్ పాయింటుకు వస్తయి, ఎమ్మెల్లెస్ పాయింట్ అని అందరు అనేది దాన్నే. అది తూము. తూము నుంచి లారీల మీద ఊరూరి షాపుకు పోతయి, అవి పిల్లకాలువలు. డీలరు నీరటికాడు. మీ ఇంటి సంచి మడి. పోలిక బాగానే కుదిరింది కదా? ఇంకొంచెం దూరం దీని మీదనే నడుద్దాం.

నెల పుట్టకముందే, పాత నెల ఆఖరుకు, వచ్చే నెల లెక్క తెగిపోతది. ఈ షాపు కింద ఇన్ని కార్డులు, ఆ కార్డులల్ల ఇన్ని పేర్లు, కాబట్టి ఇన్ని కిలోలు అని. అందులకెళ్లి షాపుల మిగిలి ఉన్న సరుకు తీసేసి, తక్కువ పడ్డదే పంపుతరు. ఇగ లారీ ఒక్కటి, ఊర్లు చాన. తూము పక్క పొలానికి ముందు నీళ్లు అందినట్టు, ఎమ్మెల్లెస్ పాయింటుకు దగ్గరి షాపుకు నెలాఖరుకే బస్తాలు దిగొచ్చు. కాలువ చివరి షాపుకు రెండో, మూడో తారీఖు కావచ్చు. బస్తాలు దిగినా అయిపోలేదు. వచ్చిన సరుకును డీలరు వేలిముద్ర పెట్టించుకునే మిషన్ల ఎక్కించుకుంటేనే పంపకానికి వీలైతది. అందుకే ఒకటో తారీఖు అవ్వకు తాళం కనబడ్డది. మామూలుగా 1 నుంచి 15 తారీఖు దాకా ఇస్తరు. అంటే తొలిరోజు తెల్లారకముందే సంచులు వరుసల పెట్టి కూసునుడు అక్కరలేని తిప్పలు. ఆరు, ఏడు తారీఖులల్ల పోతే సరుకూ ఉంటది, గుంపూ ఉండది. పద్నాలుగు దాకా ఆగుడు గూడ తెలివిగాదు. ఆ రోజు మిషన్ మొరాయిస్తే తిరిగి పోయేటందుకు దినం మిగలది.

ఇగ పోలిక ఇక్కడ తెగుతది. నీ వంతు నీళ్లు నువ్వు కట్టుకోకపోతే కింది మడికి పారుతయి. నీ వంతు బియ్యం నువ్వు తీసుకోకపోతే పక్కింటికి పోవు, వచ్చే నెల నీకు కలిపి గూడ ఇయ్యరు. ఆ నెలది ఆ నెలనే పోయింది. షాపుల నిల్వ కింద ఉంటది, వచ్చే నెల పంపే సరుకుల కోత పడుతది, అంతే.

ఎన్ని కిలోలు రావాల్నో మీకు తెలిసి ఉండాలె. ఆహార భద్రతా కార్డు, అంటే మామూలు రేషన్ కార్డు మీద నెలకు మనిషికి 6 కిలోలు. 2013ల వచ్చిన ఆహార భద్రతా చట్టం కింద కేంద్రం ఇచ్చేది 5, రాష్ట్రం కలిపేది 1. అందరికన్నా పేదోళ్లకు ఇచ్చే అంత్యోదయ కార్డుకు మనుషుల లెక్క లేదు, కార్డుకు 35 కిలోలు. దిక్కులేని ముసలోళ్లకు ఇచ్చే అన్నపూర్ణ కార్డుకు 10. మనిషికి ఆరు అంటే దినానికి 200 గ్రాములు. బడిల మధ్యాహ్న భోజనానికి ప్రైమరీ పిల్లలకు పూటకు 100 గ్రాములు, అప్పర్ ప్రైమరీకి 150. ఇంట్ల ఒకసారి 200 గ్రాములు తూచి గిన్నెల పోసి చూడుండ్రి, ఒక మనిషికి దినమంతా ఎల్తదా లేదా మీకే ఎరుకైతది.

కొలత అంటే యాది కొచ్చింది. మా చిన్నతనంల తూకం బంగారానికే, బియ్యానికి కొలత. రెండు సోలలు తవ్వెడు, రెండు తవ్వలు మానెడు, రెండు మానికలు అడ్డెడు, రెండు అడ్డలు కుంచెడు. అన్నీ రెండింతలే, ఎక్కం రాని ముసలమ్మ గూడ తప్పు చెయ్యదు. కిరికిరి అంతా మానిక మీద కుప్ప పోయాల్నా, చేత్తోని కొట్టేసి సాపు చెయ్యాల్నా అన్న దగ్గరనే. ఇచ్చేటోడు సాపు చేస్తడు, తీసుకునేటోడు కుప్ప అడుగుతడు. ఇప్పుడు ఎలక్ట్రానిక్ కాంటా వచ్చి ఆ కొట్లాట తీరింది అనుకున్న గాని, ఇంకోటి పుట్టింది. ఖాళీ గోనె సంచే అరకిలో దాటి, 580 గ్రాముల దాకా తూగుతది. 50 కిలోల బస్తా అన్నప్పుడు అది సంచితోనా, సంచి లేకుండనా? డీలరు గోదాములనే అడగాల్సిన ప్రశ్న ఇది. అక్కడ ఊరుకున్నోడు ఇక్కడ మీ సంచిల కోస్తడు. డీలరుకు వచ్చే కమీషన్ టన్నుకు 1400 రూపాయలు. దాంట్లెనే కిరాయి, కరెంటు, హమాలీ. ఆయన బాధ ఆయనకున్నది, అట్లని మీ తూకం తగ్గొద్దు. కాంటా మీద సంచి పెట్టకముందు సున్న కనబడాలె. మిషన్ల నుంచి వచ్చిన చీటీ మీది కిలోలు, సంచిల కిలోలు ఒక్కటే కావాలె. తేడా వస్తే అక్కడనే అడగాలె, ఇంటికొచ్చి కాదు. అప్పటికీ వినకపోతే 1967కు ఫోన్ చెయ్యాలె.

ఇగ వేలిముద్ర. బీడీలు చుట్టే అవ్వలకు, పత్తి ఏరే అమ్మలకు, సున్నం పని చేసేటోళ్లకు వేళ్ల మీది గీతలు అరిగిపోతయి. మిషన్ పట్టది. చెయ్యి కడిగి తుడుచుకొని పెట్టాలె. తడి ఉన్నా, నూనె ఉన్నా పడది. ఒక వేలు కాకపోతే ఇంకో వేలు. కార్డుల పేరున్న వాళ్లల్ల ఎవరు పెట్టినా ఇంటి మొత్తానికి బియ్యం ఇస్తరు, అందరు పోనక్కరలేదు. ఎవరివీ పడకపోతే కనుపాప చూసే మిషన్ ఉంటది. అవ్వకు మోతిబిందు ఉంటే అది గూడ తిప్పలే, అప్పుడు మీలాంటోళ్లు వెంట పోవాలె.

తమ్ముని సంగతికి వస్తున్న, మరిచిపోలే బిడ్డా. వానికి పేరు పెట్టిండ్రు, ఊయలల వేసిండ్రు, లెక్కల మాత్రం ఎక్కలే. పుట్టిన సర్టిఫికెట్ తీసుకోవాలె, దాంతోని ఆధార్, ఆ రెండింటితోని మీసేవల దరఖాస్తు. ఆ కాయితం తహసీల్ ఆఫీసు విచారణ దాటి మంజూరు కావాలె. మంజూరైన తారీఖు నెల లెక్క తెగినంక పడితే, వాని వంతు ఆ పై నెల నుంచే. నీరటికాని లెక్కల లేని మడికి నీళ్లు లేవన్నట్టు. ఒక్కసారి ఎక్కితే వానికీ 6 కిలోలే, ఆర్టీసీ బస్సుల లెక్క పిల్లలకు సగం లేదు. చిన్నపిల్లల ఆధార్‌కు వేలిముద్రలు తీసుకోరు. ఐదేండ్లు నిండినంక ఒకసారి, పదిహేనుకు ఇంకోసారి ఆధార్ సెంటర్ల వేళ్లు, కండ్లు ఇచ్చి రావాలె. ఇది చాన ఇండ్లల్ల మరిచిపోతరు. మీల పదిహేను దాటినోళ్లు ఉంటే ఇయ్యాల్నే అమ్మను అడుగుండ్రి.

“పోయిన ఏడు వానకాలంల రెండు నెలలు బియ్యమే ఇయ్యలే” అని ఇంకో పిలగాడు రాసిండు. ఇచ్చిండ్రు బాబూ, ముందే ఇచ్చిండ్రు. 2025 జూన్‌ల మూడు నెలలవి ఒక్కసారే, మనిషికి 18 కిలోలు. వానలకు లారీలు ఆగుతయని, గోదాముల జాగ గావాల్నని. జులై, ఆగస్టుల షాపు మూసి ఉన్నది అందుకే. నలుగురున్న ఇంటికి 72 కిలోలు ఒక్కపాలి వస్తే పురుగు పట్టకుండ దాసుడు పెద్ద పని. వేపాకు బాగ ఎండబెట్టి వెయ్యాలె, పచ్చిది వేస్తే బియ్యం ముక్కుతయి.

మన భీవండి, సూరత్ పోయిన నేతపనోళ్ల పిల్లలు గూడ ఇది చదువుతరు, వాళ్లకు ఒక ముక్క. మన రాష్ట్రంల ఏ షాపులనైనా తీసుకోవచ్చు. కేంద్రం లెక్కల ఉన్న కార్డు అయితే మహారాష్ట్రలనైనా, గుజరాత్‌లనైనా తీసుకోవచ్చు, కాకపోతే అక్కడ మనిషికి 5 కిలోలే. మన రాష్ట్రం కలిపే ఆ ఒక్క కిలో పొలిమేర దాటది. పెద్దపల్లి ఇటుక బట్టీలకు ఒడిశా నుంచి వచ్చినోళ్లకు మన దగ్గర గూడ అదే లెక్క.

2015 జనవరికి ముందు మనిషికి 4 కిలోలు, అదీ కార్డుకు 20 దాటొద్దు. ఇంట్ల తొమ్మిది మంది ఉన్నా ఇరవయ్యే. ఆ హద్దు తీసేసి ఆరు చేసిండ్రు. 2025 ఉగాది కాడ దొడ్డు బియ్యం పోయి సన్నబియ్యం వచ్చినయి. కొత్త బియ్యం వస్తే అన్నం ముద్దయితది, “బియ్యం మంచిగ లెవ్వు” అంటరు. ఎసట్ల నీళ్లు కొంచెం తగ్గించి చూడుండ్రి. సన్నాలల్ల ‘వరంగల్ సన్నాలు’ అని ఒక రకం ఉన్నది, మన వరంగల్ వ్యవసాయ పరిశోధన స్థానంల పుట్టిందే. మీ సంచిల అదే ఉన్నదో, తెలంగాణ సోనా ఉన్నదో నేను చెప్పలేను. ఎవరి పొలంల పండి, ఏ మిల్లు తిరిగి, ఏ లారీ ఎక్కి మీ వాకిట్లకు వచ్చిందో ఆ గింజ.

గోనె సంచి మీద ప్లస్ ఎఫ్ అనే గుర్తు ఉన్నదా చూడుండ్రి. ఉంటే పిడికెడు బియ్యం చాటల పోసి, ఎండల కూసొని ఏరుండ్రి. నూరు గింజలకు ఒకటి లెక్కన రంగు కొంచెం తేడాగ, గీసినట్టు ఉండే గింజ దొరుకుతది. కడిగేటప్పుడు పైకి తేలొచ్చు. ప్లాస్టిక్ బియ్యం అని పారేస్తరు దాన్ని. బియ్యప్పిండిల ఇనుము, ఫోలిక్ ఆమ్లం, బి12 కలిపి మళ్ల గింజ లెక్క చేసిన బియ్యం అది. ఏరి దూరం పెట్టుండ్రి, లెక్క పెట్టుండ్రి, మళ్ల సంచిలనే కలుపుండ్రి. ఎన్ని దొరికినయో నాకు రాయండ్రి.

మీ తాత