‘ఆ సినిమాలో చచ్చిపోయింది మీరే కదండీ?’ – వేషాలేసేవాళ్ళ మీద అపోహలు, వాస్తవాలు

పాలకొల్లు బస్టాండులో టీ తాగుతుంటే వారానికొకరైనా దగ్గరికొచ్చి, ముఖంలోకి తేరిపార చూసి అడిగే ప్రశ్న ఇది. అవునండీ, నేనే. నాలుగు సినిమాల్లో చచ్చిపోయాను, రెండింట్లో పెళ్ళికూతురి తండ్రిని, ఒకదాంట్లో పూజారిని, ఒక సీరియల్లో అయితే ఏడాదిన్నర పాటు మంచం దిగలేదు. ఆర్టీసీలో కండక్టరుగా చేస్తూనే ముప్పై ఏళ్ళు పద్య నాటకాలూ పరిషత్తు పోటీల నాటికలూ ఆడాను, రిటైరయ్యాక కూడా ఆడుతున్నాను. పేరు తెలీదు గానీ ముఖం ఎక్కడో చూశాం అంటారే, ఆ బాపతు. మా పని గురించి జనం అనుకునేవి విని విని, కొన్నింటికైనా జవాబు రాద్దామని కూర్చున్నాను.

అపోహ: హీరో అవుదామని వెళ్ళి, కుదరక క్యారెక్టర్ ఆర్టిస్టు అయ్యాడు.

అన్నింటికంటే ఎక్కువ వినేది ఇదే, నాకు ఒళ్ళు మండేదీ ఇదే. కాకినాడ యంగ్ మెన్స్ హ్యాపీ క్లబ్బులో నాటకాలాడి వెళ్ళిన ఎస్వీ రంగారావు గారు 1951లో ‘పాతాళ భైరవి’ మాంత్రికుడిగా కనిపించేనాటికి ఆయనకి ముప్పై మూడేళ్ళు కూడా నిండలేదు. ఆ వయసులో ఎవరైనా కుర్ర వేషం కోసం చూస్తారు, ఆయన గడ్డం పెట్టుకుని ముసలి మాంత్రికుడయ్యాడు, ఆ సినిమా అనగానే ఇవాళ్టికీ గుర్తొచ్చేది ఆ మాంత్రికుడే. 1963 నాటి ‘నర్తనశాల’కి జకార్తా ఆఫ్రో-ఆసియా చిత్రోత్సవంలో ఉత్తమ నటుడి అవార్డు వచ్చింది కీచకుడు వేసిన ఆయనకే. అదే క్లబ్బులో ఆడవేషాలు కూడా కట్టిన రేలంగి గారు 1970లో పద్మశ్రీ అందుకున్నారు. వీళ్ళెవరూ హీరో వేషం దొరక్క మిగిలిపోయినవాళ్ళు కాదు.

నా సంగతి చెప్పాలంటే, పదిహేడో ఏట నాకు దొరికిన మొదటి వేషం హరిశ్చంద్రలో నక్షత్రకుడు. రాజు వెంటపడి అప్పు అడుగుతూ ప్రాణం తీసేవాడు. జనం హరిశ్చంద్రుడి కోసం ఏడుస్తారు గానీ, మళ్ళీ ఎప్పుడొస్తాడా అని చూసేది నక్షత్రకుడి కోసం. ఆ రాత్రే నాకు ఏ వైపు నిలబడాలో తెలిసిపోయింది.

అపోహ: నాటకాల వాళ్ళు అతి చేస్తారు, కెమెరాకి పనికిరారు.

సగం నిజం, ఒప్పుకుంటాను. స్టేజి మీద నాలుగు మైకులు వేలాడుతూ ఉంటాయి, వాటిలో ఒకటి పనిచెయ్యదు, చివర చాప మీద కూర్చున్న ముసలావిడకి కూడా మన కనుబొమ్మ కదలిక అందాలి. కాబట్టి అన్నీ పెద్దగా చెయ్యడం అలవాటవుతుంది. పైగా జనానికి వీపు చూపించకూడదని మొదటి రోజే నేర్పుతారు.

నా మొదటి షాట్ గోదారి ఒడ్డున కుమారదేవంలో, ఎన్నో సినిమాల్లో కనిపించి 2024 ఆగస్టులో కూలిపోయిందే, ఆ సినిమా చెట్టు దగ్గర. మనవరాలు పడవెక్కి వెళ్ళిపోతుంటే తాత చూస్తూ ఉండాలి, అంతే. నేను గుండె మీద చెయ్యేసుకుని, రెండడుగులు ముందుకేసి, గోదారి అవతలి ఒడ్డుకి వినిపించేలా ‘అమ్మా!’ అన్నాను. కెమెరా అసిస్టెంటు నవ్వాపుకుంటూ వచ్చి, ‘బాబాయ్ గారూ, మీరు ఫ్రేములోంచి బయటికి వచ్చేశారండీ’ అన్నాడు. తర్వాత తెలిసింది ఏమిటంటే వాళ్ళకి నా వీపు కావాలట, ఏడుపు వీపులో కనపడాలట. ఇక క్లోజప్‌కి వచ్చేసరికి మనవరాలు కారవాన్‌లో ఉంది, నేను చూడాల్సింది లైట్ స్టాండుకి అంటించిన టేపు ముక్కని. ఆ ముక్కని చూసి కళ్ళలో నీళ్ళు తెచ్చుకోవడానికి ఏడు టేకులు పట్టింది. అది రావాలంటే స్టేజి మీద నేర్చుకున్నది తీసి పారేయక్కర్లేదు, గొంతులో పెట్టే బలాన్ని కంట్లోకి తెచ్చుకోవాలి. కొందరికి వారంలో వస్తుంది, కొందరికి ఎప్పటికీ రాదు.

అపోహ: కాంట్రాక్టు నాటకానికి రిహార్సలే ఉండదు, అందులో పనితనం ఏముంటుంది?

రిహార్సల్ ఉండదన్నది నిజమే. తీర్థానికో, షష్ఠికో, రామనవమికో కాంట్రాక్టరు ఒక్కో ఆర్టిస్టుని ఒక్కో ఊరినుంచి పిలుస్తాడు. కురుక్షేత్రం అయితే పడక సీనుకి ఒక కృష్ణుడు, రాయబారానికి ఇంకో కృష్ణుడు. ఒక వేషగాడు రెండో వేషగాణ్ణి మొదటిసారి చూసేది రంగు పూసుకునేటప్పుడే. హార్మోనియం ఆయన ‘ఏం శ్రుతండీ?’ అంటాడు, ‘నాలుగు’ అంటాం, అదే మా రిహార్సల్. పద్యాలన్నీ నోటికి వచ్చి ఉండాలి, ఎదుటివాడు ఒక పద్యం ఎగ్గొడితే అందుకోవాలి, జనం వన్స్ మోర్ అంటే అదే ఏడుపు మళ్ళీ మొదటినుంచి ఏడవాలి.

అత్తిలి దగ్గర ఒక ఊళ్ళో షష్ఠికి హరిశ్చంద్ర. కాటి సీను నాది. చంద్రమతి వేసే ఆవిడ తెనాలి వైపునుంచి వచ్చింది, అంతకు ముందెప్పుడూ కలిసి చెయ్యలేదు. రాత్రి రెండున్నరయింది, లోహితుడు వేసే పిల్లాడు నిజంగానే నిద్రపోయాడు, శవం వేషమే కదా అని ఎవరూ లేపలేదు. ఆవిడ ఒళ్ళో పడుకోబెట్టుకుని పద్యం అందుకుంది. సరిగ్గా రాగం పైకి వెళ్ళే చోట పిల్లాణ్ణి దోమ కుట్టింది, వాడు చెయ్యెత్తి బుగ్గ బరబరా గోక్కున్నాడు. జనం ఘొల్లుమన్నారు. ఆవిడ రాగం ఆపలేదు. గోక్కుంటున్న ఆ చేతినే పట్టుకుని, కళ్ళకద్దుకుని, తన బుగ్గకి ఆనించుకుని, కొంగుతో పిల్లాడి ముఖం కప్పేసింది. బిడ్డ బతికే ఉన్నాడేమో అని తల్లికి ఒక్క క్షణం ఆశ పుట్టి ఆరిపోయినట్టు. నవ్విన నోళ్ళే మూతపడ్డాయి. కాటి సుంకం అడగాల్సిన నాకు మాట రాలేదు, హార్మోనియం ఆయన రెండుసార్లు శ్రుతి అందిస్తే గానీ తేరుకోలేదు. రిహార్సల్ లేకుండా అది ఎలా వచ్చిందంటే, ఆవిడ అప్పటికి ఆ సీను కొన్ని వందల రాత్రులు చేసింది కాబట్టి.

అపోహ: చింతామణి అంటేనే బూతు నాటకం.

కాళ్ళకూరి నారాయణరావు గారు మన గోదావరి జిల్లాల మనిషే, వేశ్యావృత్తి వల్ల కొంపలు కూలడం చూపించాలనే ఆ నాటకం రాశారు. బూతు చేర్చింది మా వేషగాళ్ళే. చింతామణి మోజులో పడ్డ వైశ్యుడు సుబ్బిశెట్టి సీనుకి ఈలలు పడేకొద్దీ పది నిమిషాల సీను గంటన్నర అయింది, రాసిన మాటలు పోయి నోటికొచ్చినవి మిగిలాయి, వైశ్యులకి కడుపు మండింది. 2022 జనవరిలో ప్రభుత్వం నాటకాన్నే నిషేధించింది. నిషేధం సరైందా కాదా అని ఎవరితో వాదించినా, మా వంతు తప్పు దాచుకోను. ఆ ఒక్క వేషం మీదే బతికిన ఇద్దరు ముగ్గురు నాకు బాగా తెలుసు, వాళ్ళకి ఆ ఏడాది సంక్రాంతి సీజను మధ్యలోనే ఆగిపోయింది.

అపోహ: ఒక్క సినిమాలో కనిపిస్తే చాలు, లైఫ్ సెటిల్.

మా బంధువుల్లోనే ఇద్దరు ఈ నమ్మకంతో నన్ను అప్పు అడిగారు. లెక్క చెప్తాను. రోజు లెక్కన మాట్లాడతారు, అందులో మనల్ని పిలిపించినవాడి కమిషన్ పోతుంది, కంపెనీ చెక్కు ఇస్తే పది శాతం టీడీఎస్ అని పన్ను కింద పోతుంది, హైదరాబాదు వెళ్ళాల్సి వస్తే లాడ్జి మనదే అన్న సందర్భాలూ ఉన్నాయి. ఒక సినిమాకి రెండు రోజులు చేస్తే డబ్బు చేతికి రావడానికి ఏడు నెలలు పట్టింది, అదీ మేనేజరుకి రోజూ పొద్దున్నే గుడ్ మార్నింగ్ మెసేజి పెట్టగా పెట్టగా. నాలుగు డైలాగులు చెప్పించారు, తెరమీద ఒకటే మిగిలింది, ఆ ఒక్కటీ డబ్బింగులో ఇంకెవరో చెప్పారు.

అందుకే కుర్రాళ్ళెవరైనా వచ్చి ఉద్యోగం మానేస్తానంటే నేను వద్దంటాను. రంగారావు గారు ముందు ఫైర్ సర్వీసులో చేశారు. మా పాలకొల్లు అల్లు రామలింగయ్య గారు వెయ్యి సినిమాలు చేస్తూ కూడా హోమియో మందులు ఇచ్చారు. కోట శ్రీనివాసరావు గారిది స్టేట్ బ్యాంకు. నిడమర్రు ఎమ్మెస్ నారాయణ గారు భీమవరంలో తెలుగు లెక్చరరు. నాకైతే టికెట్లు కొట్టే మిషను అన్నం పెట్టింది, నైట్ డ్యూటీలు మార్చుకుని నాటకాలకి వెళ్ళేవాణ్ణి, నాతో డ్యూటీ మార్చుకున్న డ్రైవర్లకీ కండక్టర్లకీ ఇంకా బాకీనే.

అపోహ: గోదారోళ్ళు కదా, యాస పుట్టుకతోనే వస్తుంది.

ఏ యాసండీ? అమలాపురం మాట వేరు, భీమవరం మాట వేరు. సినిమా వాళ్ళకి కావాల్సింది మాత్రం ప్రతి వాక్యం చివరా ఒక ‘ఆయ్’. నేను పుట్టాక అన్ని ‘ఆయ్’లు ఎన్నడూ అనలేదు, రెండు రోజుల షూటింగులో అనేశాను.

అపోహ: మందు లేకపోతే వేషం రక్తి కట్టదు.

తాగి పద్యం ఎత్తితే శ్రుతి జారుతుంది. అంతే, దీనికి ఇంకో మాట అక్కర్లేదు.

అపోహ: చచ్చిపోయే వేషం వేస్తే అరిష్టం.

దీన్ని మా ఆవిడ గట్టిగా నమ్ముతుంది, సినిమా వాళ్ళు అంతకంటే గట్టిగా నమ్ముతారు. అందుకే నేను చచ్చిపోయిన ప్రతిసారీ, షాట్ ఓకే అనగానే ముక్కులో దూది కూడా తియ్యనివ్వకుండా ‘ఒక్కసారి లేచి కెమెరాలోకి చూసి నవ్వండి బాబాయ్ గారూ’ అన్నారు. పాడె మీద లేచి కూర్చుని, మెడలో దండలతో, నాలుగుసార్లూ నవ్వాను. ఒక్క టేకులో ఓకే అయినవి నా మొత్తం సినిమాల్లో ఆ నాలుగే, వాటిని మాత్రం ఎడిటింగులో తీసేశారు.